ఓర్లియాన్ డ్యూక్ షార్ల్‌ను ఒక్క ప్రేమలేఖకు కుదించవద్దు

గోదావరి_గట్టు

ప్రతి ఫిబ్రవరిలోనూ వాట్సాప్‌లో ఒకే సందేశం తిరుగుతుంది. 1415లో లండన్ టవర్‌లో బందీగా ఉన్న ఓర్లియాన్ డ్యూక్ షార్ల్ తన భార్యకు రాసిన పద్యమే ప్రపంచంలో మొట్టమొదటి వేలంటైన్ లేఖ అని అందులో ఉంటుంది. కింద ఒక గులాబీ బొమ్మ, ఆ పైన ఎవరిదో కోట బొమ్మ. ఈ సంవత్సరం కూడా వచ్చింది. ఆ పద్యాన్ని చదివినవారెవరూ ఈ సందేశాన్ని పంపరు, ఎందుకంటే ప్రేమతో తాను ఇప్పటికే విసిగిపోయానని ఆయన అందులో మొదటి పాదంలోనే చెప్పుకుంటాడు.

నా బాధ ఆ ఒక్క పద్యం గురించి మాత్రమే కాదు. పదమూడేళ్లు నిండకముందే తండ్రిని హంతకుల చేతిలో పోగొట్టుకుని, ఇరవై ఏళ్ల వయసులో శత్రువులకు చిక్కి, 25 సంవత్సరాల తరువాత ఇల్లు చేరి, తండ్రిని చంపించినవాడి మనుమరాలిని పెళ్లాడి, ఆమె ద్వారా ఫ్రాన్స్‌కు ఒక రాజును ఇచ్చిన మనిషి జీవితం ఇలా ఒక శుభాకాంక్షల కార్డుగా మిగిలిపోవడం నాకు అన్యాయంగా తోస్తున్నది. ఇక్కడ మధ్యయుగ ఐరోపాను శ్రద్ధగా చదివినవారు ఉన్నారు కనుక రెండు ప్రశ్నలు అడుగుతాను. ఆయనను 25 ఏళ్లు చెరలో ఉంచిన బాధ్యత ఇంగ్లండ్‌దేనా, ఫ్రాన్స్‌కూ అందులో వాటా ఉందా? తండ్రి హంతకుడి కుటుంబంతో వియ్యమందడాన్ని మనం క్షమ అనుకోవాలా, విడుదలకు చెల్లించిన మూల్యం అనుకోవాలా?

పాతపుస్తకాలు

వేలంటైన్ సంగతి ముందు తేల్చేద్దాం. ఆ పద్యాన్ని ఆయన చెర నుంచి తిరిగివచ్చిన తరువాతి రచనల్లో ఒకటిగానే పండితులు పరిగణిస్తారు. ఫిబ్రవరి 14న చీట్లు తీసి ఆ ఏడాదికి జోడీలను నిర్ణయించుకునే వినోదం ఆనాటి ఆస్థానాలలో ఉండేది. ఆ జోడీని ఉద్దేశించి అలిసిపోయిన ఒక పెద్దమనిషి రాసుకున్న పద్యమది. టవర్‌కూ దానికీ సంబంధం లేదు, భార్యకూ లేదు.

వరంగల్_కోట

గట్టు గారి ప్రశ్నలకు జవాబు 1415లో దొరకదు, 1407 నుంచి మొదలుపెట్టాలి. ఫ్రాన్స్ రాజు ఆరవ షార్ల్‌కు 1392 నుంచి మతిభ్రమణం వచ్చిపోతూ ఉండేది. రాజు తెలివిలో లేని రోజుల్లో ఖజానా తాళాలు ఎవరి చేతిలో ఉండాలన్నదే అసలు తగాదా. ఒకవైపు రాజు తమ్ముడు, మన షార్ల్‌కు తండ్రి అయిన ఓర్లియాన్ డ్యూక్ లూయీ. మరోవైపు వారి చిన్నాన్న అయిన బర్గండీ డ్యూక్ ఫిలిప్, 1404లో ఆయన పోయాక కొడుకు జాన్. ఈ జాన్‌కే నిర్భయుడనే బిరుదు ఉంది. అంటే లూయీ, జాన్ అన్నదమ్ముల పిల్లలు, అచ్చమైన దాయాదులు.

1407 నవంబర్ 23 రాత్రి లూయీ పారిస్‌లో రాణి ఇజబో నివాసం నుంచి బయలుదేరాడు. రాజు తొందరగా రమ్మంటున్నాడని అబద్ధపు కబురు చెప్పి ఆయనను బయటికి రప్పించారు. వెంట కొద్దిమంది మాత్రమే ఉన్నారు. వియే ద్యు తాంప్లు వీధిలో కాచుకుని ఉన్న మనుషులు ఆయనను నరికి చంపారు. జాన్ మొదట అంత్యక్రియల్లో దుఃఖం నటించి, విచారణ తన ఇంటి గడప దాకా వచ్చేసరికి తానే చేయించానని ఒప్పుకుని పారిస్ నుంచి పారిపోయాడు. నాలుగు నెలలు తిరగకుండానే మళ్లీ వచ్చి, 1408 మార్చిలో జాన్ పెతీ అనే వేదాంత పండితుడి చేత, నిరంకుశుడిని చంపడం పుణ్యకార్యమని నిండు సభలో ఉపన్యాసం ఇప్పించాడు. రాజు క్షమాపణ కూడా దొరికింది. హత్య కన్నా ఈ ఉపన్యాసమే ఆ కుటుంబాన్ని ఎక్కువ గాయపరచిందని నేను అనుకుంటాను. చంపినవాడు తప్పించుకోవడం ఒక ఎత్తు, చచ్చినవాడే దోషి అని సభ తలూపడం మరొక ఎత్తు.

కృష్ణవేణి

ఇందులో షార్ల్ తల్లి వాలెంతీనా విస్కోంతి పేరు ఎవరూ ఎత్తకపోవడం నాకు వింతగా ఉంది. ఆమె మిలాన్ పాలకుడు జాన్ గాలియాట్సో కూతురు. పెళ్లికి ఆస్తీ పట్టణాన్నీ భారీ కట్నాన్నీ తెచ్చింది. మతి తప్పిన రాజు తన భార్యను గుర్తుపట్టని రోజుల్లో కూడా వాలెంతీనా మాటకు శాంతించేవాడట. దానికి ఆమెకు దక్కిన బహుమానం చేతబడి చేసిందనే నింద. 1396లో ఆమె పారిస్ విడిచి వెళ్లవలసి వచ్చింది.

భర్త హత్య తరువాత నల్లబట్టలు కట్టుకుని, పిల్లలను వెంటబెట్టుకుని వచ్చి రాజు ముందు మోకరిల్లి న్యాయం అడిగింది. దొరకలేదు. ఇక నాకేదీ లేదు, ఏదీ నాకు ఏమీ కాదు అన్న అర్థం వచ్చే మాటలను తన ధ్యేయవాక్యంగా పెట్టుకుని, 1408 డిసెంబర్ 4న బ్లువా కోటలో కన్నుమూసింది. భర్తకు మరొక స్త్రీ వల్ల పుట్టిన జాన్ అనే పిల్లవాడిని ఆమె తన బిడ్డలతో పాటే పెంచింది. తండ్రి పగ తీర్చడానికి తగినవాడు వీళ్లందరిలో ఇతడే, ఇతడు నా కడుపున పుట్టవలసినవాడు అని చివరి రోజుల్లో అన్నట్టు చరిత్రకారులు రాశారు. ఆ పిల్లవాడే తరువాత ఫ్రాన్స్ వీరవనిత జోన్ ఆఫ్ ఆర్క్ పక్కన నిలబడి పోరాడిన ద్యునువా.

గోదావరి_గట్టు

కృష్ణవేణి గారూ, మీరు చెప్పిన తేదీకి ఇంకొకటి కలపండి. తండ్రి చనిపోయిన మరునాడు షార్ల్‌కు 13వ పుట్టినరోజు. తల్లి పోయేనాటికి 14 ఏళ్లు. మరుసటి సెప్టెంబర్‌లో మొదటి భార్య ఇజబెల్లా ప్రసవంలో చనిపోయింది, పాప జాన్ బతికింది. రెండేళ్లలోపు తండ్రీ తల్లీ భార్యా పోయి, పదిహేనేళ్లు నిండకముందే తల్లిలేని ఆడపిల్లకు తండ్రి అయ్యాడు. పైగా తమ్ముళ్లు, చెల్లెలు, ఒక పగ.

లెక్కలమాస్టారు

ఆ ఇజబెల్లా ఎవరో చెప్పకుండా వదిలేశారు. ఆమె ఆరవ షార్ల్ రాజు కూతురు. ఆరేళ్ల వయసులో ఇంగ్లండ్ రాజు రెండవ రిచర్డ్‌కు ఇచ్చి పెళ్లి చేశారు. 1400లో ఆయన చెరలో చనిపోతే పదేళ్లకే విధవ అయింది. గద్దెనెక్కిన నాలుగవ హెన్రీ ఆమెను తన కొడుక్కు చేసుకోవాలని చూస్తే ఒప్పుకోలేదు. 1406లో మన షార్ల్‌కు ఇచ్చేనాటికి ఆమెకు 16, అతనికి 11.

ఇప్పుడు వరసలు చూడండి. ఇజబెల్లా షార్ల్‌కు పెదనాన్న కూతురు, అంటే మన లెక్కలో సొంత అక్కే.

పిఠాపురం_పిల్ల

అక్కతో పెళ్లా! చర్చి ఎలా ఒప్పుకుంది?

లెక్కలమాస్టారు

వారికి పెదనాన్న బిడ్డలైనా మేనత్త బిడ్డలైనా ఒకే దూరం. రెండూ నిషిద్ధమే, రెండింటికీ పోప్ నుంచి ప్రత్యేక అనుమతి తెచ్చుకుంటే సరిపోతుంది. షార్ల్ తల్లిదండ్రులది మాత్రం మన లెక్కలో చక్కని మేనరికం, ఎందుకంటే వాలెంతీనా తల్లి లూయీకి సొంత మేనత్త. ఇక మూడవ భార్య మరీ ద క్లేవ్ సంగతికి వస్తే, నిర్భయుడైన జాన్ కూతురికి కూతురు ఆమె. జాన్, లూయీ అన్నదమ్ముల పిల్లలు కనుక జాన్ కూతురు షార్ల్‌కు అక్క వరస, ఆమె కూతురు మేనకోడలు. మొదటి పెళ్లి మన ఇళ్లలో ఊహకైనా రాదు, మూడవది మన తాతల కాలంలో ఇంటింటా జరిగినదే. పెళ్లిచూపులకు ముందు వరసలు కలిపి చూసే మా పెదనాయనకు ఈ వంశవృక్షం చూపించాను. భోజనానికి కూడా లేవకుండా సాయంత్రం దాకా దానితోనే కూర్చున్నారు.

వరంగల్_కోట

మాస్టారి లెక్కలో ఇంకొక బంధుత్వం ఉంది, అది మొదటి ప్రశ్నకు సూటిగా తగులుతుంది. అజిన్‌కోర్ట్‌లో షార్ల్‌ను ఓడించిన ఇంగ్లండ్ రాజు అయిదవ హెన్రీ 1420లో ఇజబెల్లా చెల్లెలు కాథరీన్‌ను పెళ్లాడాడు. అంటే చెరసాల యజమాని, ఖైదీ తోడల్లుళ్లు.

1415 అక్టోబర్ 25న యుద్ధం ముగిశాక షార్ల్‌ను శవాల కుప్ప కింద నుంచి ప్రాణాలతో బయటికి తీశారని చెబుతారు. ఆ రోజుల్లో దొరికిన ప్రభువులను డబ్బు తీసుకుని వదిలేయడం మామూలు. హెన్రీ అలా చేయలేదు. ఫ్రాన్స్ రాజుకు సొంత తమ్ముడి కొడుకు, యువరాజులకు ఏమైనా జరిగితే సింహాసనానికి దగ్గరివాడు, బర్గండీకి ఎదురునిలిచిన పక్షానికి నాయకుడు. అలాంటివాడిని వదలడం కన్నా ఉంచుకోవడమే లాభం. 1422లో చనిపోతూ కూడా, పసివాడైన తన కొడుకు పెద్దవాడయ్యేదాకా ఇతడిని విడవవద్దని చెప్పి పోయాడు. కనుక బాధ్యత ఇంగ్లండ్‌దే. అందులో సందేహం ఎందుకు?

బెజవాడ_శ్రీను

నేను ఒప్పుకోను. ఇంగ్లండ్ తన శత్రువును ఉంచుకుంది, అది యుద్ధనీతి. స్వదేశపు రాజు ఏం చేశాడు? 1422 నుంచి ఏడవ షార్ల్ రాజు. సొంత పెదనాన్న కొడుకు పరాయి దేశంలో కోట నుంచి కోటకు తిరుగుతూ ఉంటే, అతని విడుదలను సంధి షరతుల్లో మొదటిదిగా పెట్టి పట్టుబట్టిన దాఖలా ఎక్కడ ఉంది? 1435లో అరాస్‌లో రాజు బర్గండీతో సంధి చేసుకున్నాడు, షార్ల్ మాత్రం ఇంగ్లండ్‌లోనే ఉన్నాడు. చివరికి విడిపించినది ఎవరు? తండ్రి హంతకుడి కొడుకు, బర్గండీ డ్యూక్ ఫిలిప్, అతని భార్య పోర్చుగల్ ఇజబెల్లా.

లెక్కలమాస్టారు

చిన్న సవరణ, శ్రీను గారూ. ఏడవ షార్ల్ మన షార్ల్‌కు పెదనాన్న కొడుకు అవుతాడు కానీ, మన షార్ల్ ఆయనకు చిన్నాన్న కొడుకు. వాదన మాత్రం బలంగా ఉంది.

పాతపుస్తకాలు

ఏడవ షార్ల్ కోణం నుంచి కూడా చూడాలి. 1433లో మన డ్యూక్ విడుదల ఆశతో, ఇంగ్లండ్ రాజు ఆరవ హెన్రీనే ఫ్రాన్స్‌కు కూడా రాజుగా గుర్తిస్తూ ఒక ఒప్పందం మీద సంతకం చేశాడు. అప్పటికి రేమ్స్‌లో ఏడవ షార్ల్‌కు పట్టాభిషేకం జరిగి నాలుగేళ్లయింది. ఆ సంతకం చేసినవాడి కోసం ఖజానా తెరవమని ఆ రాజును ఎలా అడగగలం? ఆయన అనుమానం నాకు సహజంగానే కనిపిస్తుంది.

కృష్ణవేణి

అప్పటికి పద్దెనిమిదేళ్లు చెరలో ఉన్న మనిషి చేసిన సంతకానికి, స్వేచ్ఛగా ఉన్నవాడు చేసిన సంతకానికి ఒకే విలువ కడతారా? నేను కట్టను. పైగా ఆ ఒప్పందం వల్ల ఆయన బయటపడలేదు, ఇంకా ఏడేళ్లు ఉన్నాడు.

బెజవాడ_శ్రీను

కృష్ణవేణి గారి మాటే నాదీ.

సెయిన్_తీరాన

ఉద్యోగరీత్యా ఫ్రాన్స్‌లో ఉంటున్నాను, ఓర్లియాన్ నగరానికి తరచుగా వెళుతుంటాను. అక్కడ ప్రతి మే నెలలోనూ జోన్ ఉత్సవాలు పెద్ద ఎత్తున జరుగుతాయి, చౌరస్తాలో గుర్రం మీద ఆమె విగ్రహం ఉంది. అయితే ఆమె రక్షించిన నగరానికి ప్రభువు ఆ సమయంలో శత్రుదేశంలో బందీగా ఉన్నాడన్న సంగతి చూడడానికి వచ్చేవారిలో చాలామందికి తెలియదు. 1428 అక్టోబర్‌లో ఇంగ్లిష్ సైన్యం ఓర్లియాన్‌ను ముట్టడించినప్పుడు ఫ్రెంచివారికి అన్నిటికన్నా ఎక్కువ కోపం తెప్పించినది ఇదే. యజమానిని బంధించి ఉంచుకుని అతని ఊరి మీద పడడం వీరధర్మానికి విరుద్ధమని వారి భావన.

నగరాన్ని కాపాడుతున్నది ద్యునువా. వాలెంతీనా పెంచిన ఆ పిల్లవాడు. ఇంకొక తమ్ముడు ఫిలిప్ 1420లోనే చనిపోయాడు, మూడవవాడు జాన్ ఇంగ్లండ్‌లో ఉన్నాడు కనుక, వారసత్వపు హక్కు లేని ఈ సవతి తమ్ముడే ఇల్లు మోశాడు. జోన్ కూడా డ్యూక్ షార్ల్ విడుదలను తన పనుల్లో ఒకటిగా చెప్పుకుంది. అతడిని విడిపించడానికి సరిపోయేంతమంది ఇంగ్లిష్‌వారిని పట్టుకుని ఉండేదాన్ని అని విచారణలో అన్నది. ముట్టడి తొలగిన తరువాత డ్యూక్ పేరు మీద ఆమెకు ఒక ఎర్రని నిలువుటంగీ, ఆకుపచ్చని పైవస్త్రం కుట్టించి ఇచ్చారు. అవి ఓర్లియాన్ వంశపు రంగులు. బందీ తన కొలువుద్వారా పంపిన కానుక అది. వారిద్దరూ ఒకరినొకరు ఎన్నడూ చూసుకోలేదు.

పిఠాపురం_పిల్ల

ఆ తల్లిలేని పాప ఏమైంది? దాని గురించి ఎవరూ చెప్పడం లేదు.

గోదావరి_గట్టు

పాప పేరు కూడా జానే. తండ్రి యుద్ధానికి వెళ్లేటప్పటికి ఆమెకు ఆరేళ్లు. పెద్దదై అలాంసోన్ డ్యూక్ రెండవ జాన్‌ను పెళ్లాడింది. ఆయన కూడా 1424లో వెర్నోయ్ యుద్ధంలో ఇంగ్లిష్‌వారికి చిక్కాడు, ఆస్తులు అమ్ముకుని బయటపడ్డాడు. 1429లో జోన్‌తో కలిసి మళ్లీ యుద్ధానికి బయలుదేరుతుంటే ఈ అమ్మాయి భయపడింది. మొన్ననే అంత డబ్బు కట్టి విడిపించుకున్నాము, మళ్లీ ఎందుకు అని అడిగితే, క్షేమంగా తీసుకువచ్చి అప్పగిస్తానని జోన్ మాట ఇచ్చినట్టు అలాంసోన్ డ్యూకే తరువాత సాక్ష్యం చెప్పాడు. మాట నిలబెట్టుకుంది కూడా. తండ్రి, భర్త, చిన్నాన్న అందరూ ఇంగ్లండ్‌కు బందీలైన ఇంటి ఆడపిల్ల భయమది.

ఆమె 1432లో పిల్లలు లేకుండానే చనిపోయింది. రెండవ భార్య బోన్ కూడా షార్ల్ చెరలో ఉండగానే ఫ్రాన్స్‌లో పోయింది. వెళ్లేటప్పుడు వదిలి వెళ్లిన భార్యా బిడ్డా ఇద్దరూ తిరిగి వచ్చేసరికి లేరు. వాట్సాప్ సందేశంలో ఉండవలసినది ఈ సంగతి.

పద్యాలరామం

ఇంతసేపూ ఆయన కవి అన్న మాటే చర్చలోకి సరిగా రాలేదు. చెరలో ఉండగానే ఆయన తన బాలాడ్‌లు, అంటే ప్రతి చరణం చివర ఒకే పాదం తిరిగి వచ్చే పద్యాలు, చాలావరకు రాశాడు. బోన్ మరణవార్త తెలిసిన కాలానికి చెందినవిగా భావించే శోకగీతాలు అందులో ఉన్నాయి. డోవర్ రేవు నుంచి సముద్రం అవతల ఫ్రాన్స్ వైపు చూస్తూ, గుండెలో పాత సుఖాలు మెదిలి, తన కోరికలన్నిటినీ ఆశ అనే ఓడకెక్కించి శాంతిని కోరుకునే బాలాడ్ ఒకటి ఉంది. అందులో కోపం కనబడదు. యుద్ధాన్ని నేను ఏవగించుకుంటున్నాను అని సూటిగా అంటాడు. ఇంగ్లిష్‌లో కూడా ఒక పెద్ద పద్యసంపుటి ఆయనదేనని ఎక్కువమంది పండితులు ఒప్పుకుంటారు.

విడుదలైన తరువాత బ్లువా కోటలో ఆయన నడిపిన కొలువు మన అవధాన సభల్లో సమస్యాపూరణాన్ని తలపిస్తుంది. ఊట పక్కనే ఉండి దాహంతో చస్తున్నాను అనే పాదం ఇచ్చి, దానితో మొదలుపెట్టి బాలాడ్ కట్టమన్నారు. డ్యూక్ కట్టాడు, కొలువులోనివారు కట్టారు, దారి తప్పి వచ్చిన ఫ్రాంస్వా వియోన్ కూడా కట్టాడు. దొంగతనాల్లో, కొట్లాటల్లో తిరిగిన వియోన్ పద్యం డ్యూక్ సొంత పుస్తకంలోనే ఎక్కింది. కవికి కులగోత్రాలు అడగని ఆ పుస్తకం ఇప్పుడు పారిస్‌లోని జాతీయ గ్రంథాలయంలో ఉంది. చలీ గాలీ వానా అనే పైవస్త్రాన్ని కాలం విడిచివేసిందని వసంతాన్ని వర్ణించిన రోండో, అంటే మొదటి పాదాలు మళ్లీ మళ్లీ వచ్చే చిన్న పద్యం, మాత్రం అక్కడి బడిపిల్లలకు కూడా నోటికి వస్తుంది.

వరంగల్_కోట

రామం గారూ, పద్యాలు అందమైనవే, కాదనను. కానీ శాంతి గురించి పాడిన ఆ మనిషే 1411లో తమ్ముళ్లతో కలిసి జార్గో నుంచి నిర్భయుడైన జాన్‌కు యుద్ధపు సవాలు పంపాడు. 1412లో ఆయన పక్షమే ఇంగ్లిష్ సైన్యాన్ని ఫ్రాన్స్‌లోకి పిలిచింది. వారిని తిరిగి పంపడానికి చేతిలో డబ్బు లేక, చిన్నవాడైన తమ్ముడు జాన్‌ను తాకట్టు పెట్టారు. ఆ తమ్ముడు 1445 దాకా ఇంగ్లండ్‌లోనే ఉండిపోయాడు, అంటే అన్న కన్నా ఎక్కువ కాలం. ఆ తాకట్టుకు బాధ్యత ఎవరిది?

గోదావరి_గట్టు

షార్ల్‌దే. పదిహేడేళ్ల కుర్రవాడు తీసుకున్న నిర్ణయమని అంటాను తప్ప, కాదని అనలేను. అయితే ఆ పగను అతనికి పెళ్లితో పాటు అప్పగించారన్న సంగతి మరువవద్దు. 1410లో బోన్‌ను ఇచ్చిన మామ, అర్మాన్యాక్ కౌంట్ బెర్నార్, ఆ పక్షం మొత్తానికి పేరు పెట్టేంత గట్టివాడు. యుద్ధం నడిపినది ఆయనే, 1418లో పారిస్ గుంపు చేతిలో చచ్చిపోయినదీ ఆయనే.

పాతపుస్తకాలు

రెండవ ప్రశ్నకు వస్తాను. మూల్యమే. 1440లో విడుదల ఒప్పందం కుదిరింది. ఇంగ్లండ్ రాజు చిన్నాన్న, గ్లోస్టర్ డ్యూక్ హంఫ్రీ దానిని ఎంత వ్యతిరేకించాడంటే, వెస్ట్‌మిన్‌స్టర్‌లో షార్ల్ ప్రమాణం చేసే రోజున పూజ మొదలవుతుండగానే లేచి తన పడవ ఎక్కి వెళ్లిపోయాడు. ధనం సమకూర్చడంలో బర్గండీ చేయి ఉంది. నవంబర్‌లో షార్ల్ ఇటువైపు అడుగుపెట్టిన కొద్ది వారాలకే సేంతొమేర్‌లో, ఫిలిప్ మేనకోడలు మరీ ద క్లేవ్‌తో పెళ్లి జరిగింది. వరుడికి నలభై అయిదు దాటాయి, వధువుకు 14. బర్గండీ వారి గోల్డెన్ ఫ్లీస్ అనే వీరుల కూటమిలో ఆయనను చేర్చుకున్నారు, ఓర్లియాన్ వారి ముళ్లపంది కూటమిలో ఫిలిప్ చేరాడు. ఇది లెక్క ప్రకారం జరిగిన ఇచ్చిపుచ్చుకోవడం. క్షమ అనే పెద్ద మాట ఇక్కడ అవసరం లేదు.

కృష్ణవేణి

ఇచ్చిపుచ్చుకోవడం అయితే ఆయన తరువాత ఎప్పుడైనా మాట తప్పి ఉండవచ్చు కదా, తప్పలేదు. ఫిలిప్ తండ్రి కూడా 1419లో మోంతెరో వంతెన మీద, తరువాత రాజైన ఏడవ షార్ల్ కళ్ల ముందే నరికివేతకు గురయ్యాడని గుర్తుంచుకోండి. అది సంధి మాటలకని పిలిచిన చోటు. తండ్రులను ఒకే విధంగా పోగొట్టుకున్న ఇద్దరు కొడుకులు 1440లో ఎదురెదురుగా నిలబడ్డారు. వారిలో ఎవరు కత్తి తీసినా మరో తరం రక్తం పారేది. తీయలేదు. కారణం డబ్బు కావచ్చు, అలసట కావచ్చు. ఫలితాన్ని నేను క్షమ అనే పిలుస్తాను.

బెజవాడ_శ్రీను

పద్నాలుగేళ్ల మరీని ఎవరైనా అడిగారా అన్నది నా ప్రశ్న.

పద్యాలరామం

అడిగి ఉండరు. కానీ ఆమె ఆ ఇంట్లో మూగగా ఉండిపోలేదు. ఆమె కట్టిన పద్యాలు కూడా భర్త కొలువు పుస్తకంలో ఉన్నాయి. పెళ్లయిన పదిహేడేళ్లకు, 1457లో కూతురు మరీ పుట్టింది. ఆ పాప పుట్టుకను పొగుడుతూ వియోన్ పద్యం రాశాడు. 1462లో కొడుకు లూయీ, 1464లో ఆన్. కొడుకు పుట్టేనాటికి తండ్రికి 67 ఏళ్లు.

సెయిన్_తీరాన

క్షమ విషయంలో కృష్ణవేణి గారి వైపు ఒక సాక్ష్యం చేరుస్తాను. 1458లో రాజద్రోహం నేరం మీద వాందోమ్‌లో అలాంసోన్ డ్యూక్‌ను విచారించారు. అవును, చనిపోయిన కూతురి భర్తే. ఆ కూతురు పోయి పాతికేళ్లు దాటింది, అల్లుడు మళ్లీ పెళ్లి చేసుకున్నాడు, ఇంగ్లిష్‌వారితో కుమ్మక్కయ్యాడు. అయినా షార్ల్ ఆ సభలో లేచి అతని ప్రాణం తీయవద్దని వాదించాడు. మరణశిక్ష విధించారు కానీ అమలు చేయలేదు, చెరలో ఉంచారు. ఇంగ్లండ్ వల్ల అంత నష్టపోయిన మనిషి, ఇంగ్లండ్‌తో చేతులు కలిపినవాడి ప్రాణం కోసం మాట్లాడాడు. ఇందులో ఆయనకు వచ్చే లాభం ఏమీ లేదు.

పాతపుస్తకాలు

ఆ సాక్ష్యానికి నా దగ్గర జవాబు లేదు. 1440 విషయంలో మాత్రం నా అభిప్రాయం నాదే.

వరంగల్_కోట

రాజకీయంగా మాత్రం ఆయన తిరిగివచ్చాక సాధించినది తక్కువ. 1447లో మిలాన్‌లో మేనమామ ఫిలిప్పో మరియా మగసంతానం లేకుండా చనిపోతే, తల్లి హక్కుతో ఆ రాజ్యాన్ని అడిగాడు. ఆస్తీ పట్టణం దక్కింది, మిలాన్ దక్కలేదు. కిరాయి సేనాని స్ఫోర్జా దానిని తన్నుకుపోయాడు. ఆ తీరని హక్కునే కొడుకు పన్నెండవ లూయీగా రాజై 1499లో ఇటలీ మీదికి తీసుకువెళ్లాడు. వాలెంతీనా పెళ్లి ఒప్పందం నూరేళ్ల తరువాత యుద్ధమై పండింది.

పిఠాపురం_పిల్ల

తమ్ముడు జాన్ వంశం కూడా ఉందా, తాకట్టులో ఉన్న ఆయనది?

లెక్కలమాస్టారు

ఉంది, సింహాసనం దాకా వెళ్లింది. ఆంగులేమ్ కౌంట్ జాన్ మనుమడే రాజు ఒకటవ ఫ్రాంస్వా. పన్నెండవ లూయీకి కొడుకులు లేరు. ఆయన భార్య బ్రిటనీ ఆన్, షార్ల్ చెల్లెలు మార్గరీత్‌కు మనుమరాలు. వారి కూతురు క్లోద్‌ను ఫ్రాంస్వాకు ఇచ్చారు. అంటే చెరలో పాతికేళ్లున్న అన్న మనుమరాలు, చెరలో ముప్పై మూడేళ్లున్న తమ్ముడి మనుమడు దంపతులయ్యారు. మన వరసలు చూడకండి, ఇక్కడ మళ్లీ ఇబ్బందే వస్తుంది.

సెయిన్_తీరాన

పన్నెండవ లూయీ తన తాత లూయీ, నాయనమ్మ వాలెంతీనా, తండ్రి షార్ల్, చిన్నాన్న ఫిలిప్‌లకు కలిపి ఇటలీ శిల్పుల చేత పాలరాతి సమాధి చేయించాడు. అది ఇప్పుడు పారిస్ పక్కన సాన్ దెనీ చర్చిలో ఉంది. అక్కడికి వెళ్లినప్పుడల్లా దాని ముందు ఎక్కువసేపు నిలబడతాను. పర్యాటకులు పెద్ద రాజుల సమాధుల వైపే వెళతారు.

గోదావరి_గట్టు

ఆయన మరణం సంగతి కూడా చెప్పి ముగిస్తాను. 1464 చివర్లో తూర్‌లో జరిగిన సభలో, చెల్లెలి కొడుకైన బ్రిటనీ డ్యూక్ పక్షాన మాట్లాడబోతే పదకొండవ లూయీ రాజు నలుగురిలో కటువుగా గద్దించాడని చెబుతారు. అక్కడి నుంచి ఇంటికి వెళుతూ ఆంబ్వాజ్‌లో 1465 జనవరి మొదటి వారంలో మరణించాడు, కొడుక్కు అప్పటికి మూడేళ్లు కూడా నిండలేదు. ఆ రాజే తరువాత ఆ పిల్లవాడికి, బిడ్డలు పుట్టరని తెలిసీ, తన కూతురినిచ్చి బలవంతంగా పెళ్లి చేశాడు. ఓర్లియాన్ వంశం అక్కడితో ఆగిపోవాలని ఆయన కోరిక.

పిఠాపురం_పిల్ల

మరీ ద క్లేవ్ ఏమైంది? చిన్న కూతురు ఆన్?

పద్యాలరామం

మరీ చాలాకాలం ఒంటరిగా పిల్లలను పెంచి, తరువాత తన కొలువులోని ఒక సామాన్య ప్రభువును రహస్యంగా పెళ్లి చేసుకుని 1487లో మరణించింది. ఆ రెండవ పెళ్లికి మాత్రం ఆమెను అడిగే ఉంటారు, శ్రీను గారూ. ఆన్ ఫోంతెవ్రో మఠానికి అధిపతి అయింది.

బెజవాడ_శ్రీను

సంతోషం. గట్టు గారూ, వచ్చే ఫిబ్రవరిలో ఆ సందేశం ఎవరు పంపినా ఈ చర్చ లంకెనే తిరిగి పంపుతాను.